సెమినార్ గదిలో మౌనం వెనుక లెక్క

విశ్వవిద్యాలయంలో ఒక మాట నిలబడడానికి దాని వెనుక ఉన్న ఆధారం, తర్కం చాలుననీ, ఆ మాట అన్న మనిషి పుట్టుకతో దానికి పని లేదనీ ఆధునిక ఉన్నత విద్య తన గురించి తాను చెప్పుకుంటుంది. ఇది ఎంతవరకు నిజమో తేల్చడానికి గెలిచిన వాదనలను, ఓడిన వాదనలను మాత్రమే చూస్తే సరిపోదు. నాలుక చివరిదాకా వచ్చి ఆగిపోయిన వాదనలను కూడా లెక్కలోకి తీసుకోవాలి. సెమినార్ గదిలో వెనుక వరుసలో కూర్చున్న పరిశోధక విద్యార్థి తనకు తోచిన అభ్యంతరాన్ని చెప్పకుండా మింగేసినప్పుడు, దాన్ని బిడియమనో, ఇంగ్లీషు రాకపోవడమనో, చదువు చాలకపోవడమనో వివరించి ఊరుకోవడం తెలుగునాట అధ్యాపకులకు అలవాటైపోయింది. నిజానికి ఆ మౌనం వెనుక చాలా సందర్భాల్లో ఒక లెక్క ఉంటుంది: ఈ గదిలో అధికారం ఎవరిది, మాట్లాడితే ఏమి పోతుంది, మాట్లాడినా ఎవరు నమ్ముతారు అన్నదే ఆ లెక్క. అది తప్పుడు లెక్క అయితే విద్యార్థికి ధైర్యం చెప్పవచ్చు. సరైన లెక్కే అయితే మాత్రం, మారవలసింది ఆ గది.

తత్వశాస్త్రంలో ఈ విషయానికి ఇటీవలి దశాబ్దాల్లో కొన్ని పేర్లు ఏర్పడ్డాయి. బ్రిటిష్ తత్వవేత్త మిరాండా ఫ్రికర్ 2007లో వెలువరించిన గ్రంథంలో జ్ఞానసంబంధమైన అన్యాయం గురించి చర్చిస్తూ, చెప్పే మనిషి జాతి, లింగం, వర్గం పట్ల వినేవారి మనసులో ముందే ఉన్న చులకన భావం వల్ల ఆ మనిషి మాటకు దక్కవలసిన నమ్మకం దక్కకపోవడాన్ని అందులో ఒక ప్రధాన రూపంగా గుర్తించారు. అమెరికన్ నల్లజాతి తత్వవేత్త క్రిస్టీ డాట్సన్ 2011లో ఈ చర్చను ఇంకొక మెట్టు లోపలికి తీసుకెళ్లారు. వినేవారికి తన మాట అర్థమయ్యే అవకాశం లేదనీ, చెబితే తనకే ముప్పనీ గ్రహించిన మనిషి, తన సాక్ష్యాన్ని ఎదుటివారు ఓర్చుకోగలిగినంతకు కుదించి చెప్పడమో, అసలు చెప్పకపోవడమో జరుగుతుందని ఆమె వివరించారు. ఎదుటివాడు నోరు మూయించినప్పుడు కనీసం ఒక సంఘటన జరిగినట్టు దాఖలా ఉంటుంది. మనిషి తన నోరు తానే మూసుకున్నప్పుడు అది కూడా మిగలదు కాబట్టి, దాని మీద ఫిర్యాదుకూ విచారణకూ తావు ఉండదు.

అమెరికాలో నల్లజాతి అనుభవం నుంచి పుట్టిన ఇటువంటి భావనలు తెలుగు విశ్వవిద్యాలయాలకు ఎలా వర్తిస్తాయన్న ప్రశ్న సహజమైనదే. 2001లో దర్బన్‌లో జాతివివక్షపై ఐక్యరాజ్యసమితి సదస్సు జరిగినప్పుడు కులాన్ని జాతితో సమానంగా చర్చించకూడదని భారత ప్రభుత్వం వాదించగా, చర్చించి తీరాలని దళిత సంఘాలు పట్టుబట్టాయి. కులానికి మూలం జాతి భేదమన్న సిద్ధాంతాన్ని అంబేడ్కర్ స్వయంగా తోసిపుచ్చారు కూడా. అయితే, రెండింటి మూలాలు వేరైనంత మాత్రాన అవి చేసే పని వేరు కానక్కరలేదు. ఎవరి మాట జ్ఞానమో, ఎవరి మాట కేవలం గోడో పుట్టుకను బట్టి ముందే తీర్మానించడంలో ఆ రెండూ ఒకే పని చేస్తాయి.

పైగా, జాతిశాస్త్రం అనేది రాయలసీమకు పుస్తకాల ద్వారా మాత్రమే తెలిసిన పరాయి విషయం కాదు. 1885 నుంచి 1908 దాకా మద్రాసు మ్యూజియం సూపరింటెండెంటుగా ఉన్న ఎడ్గార్ థర్‌స్టన్ దక్షిణాది ప్రజల తలలను, ముక్కులను కొలపరికరాలతో కొలిచి, వాటి నిష్పత్తులను బట్టి జనాన్ని వర్గీకరించాడు, కె. రంగాచారి సహాయంతో 1909లో ఏడు సంపుటాలుగా వెలువరించిన కులాల, తెగల గ్రంథంలో నల్లమల చెంచులకు కూడా చోటు కల్పించాడు. అదే కాలపు వలస ప్రభుత్వం నేరస్థ తెగల చట్టం కింద అప్పటి గుంటూరు జిల్లా స్టువర్టుపురంలోనూ, కర్నూలు జిల్లా సిద్ధాపురంలోనూ సెటిల్‌మెంట్లు నడిపి, కొన్ని సమూహాలను పుట్టుకతోనే అనుమానితులుగా లెక్కగట్టింది. దేశవ్యాప్తంగా ఆ చట్టం 1952లో రద్దయింది గానీ, పుట్టుకను బట్టి మనిషి మాటకు విలువ కట్టే పద్ధతి చట్టంతోపాటు రద్దు కాలేదు.

నల్లమల అంచున, నేటి నంద్యాల జిల్లాలో ఉన్న ఆత్మకూరును ఈ చరిత్ర నడుమ పెట్టి చూడాలి. పట్టణానికి దగ్గరలోని బైర్లూటి, నాగలూటి వంటి గూడేలలో చెంచులు ఉన్నారు. చుట్టుపక్కల మాల, మాదిగ, సుగాలి, ఎరుకల, బోయ కుటుంబాలూ, ముస్లిం కుటుంబాలూ ఉన్నాయి. శ్రీశైలం జలాశయం కింద పొలాలూ ఊళ్లూ పోగొట్టుకున్నవారూ ఈ ప్రాంతంలోనే ఉన్నారు. చెంచుల గురించి ఆస్ట్రియాకు చెందిన మానవశాస్త్రవేత్త ఫ్యూరర్ హైమండార్ఫ్ రాసిన గ్రంథం 1943లో వెలువడింది. ఇప్పటికీ నల్లమల గురించి పరిశోధన చేసేవారు ముందుగా తిరగేసేది దాన్నే. ప్రశ్నలడిగే వైపు బయటివాళ్లు, సమాధానం చెప్పే వైపు గూడెం జనం అన్న ఏర్పాటు అప్పటి నుంచీ పెద్దగా మారలేదు. గూడెంలో పుట్టిన మనిషి ఆ పుస్తకంలో తప్పు పడితే, ఆ మాట సిద్ధాంత చర్చగా నమోదవుతుందా, లేక మరొక ‘సమాచారదాత’ ఇచ్చిన సమాచారంగానే మిగిలిపోతుందా అన్నది ఇక్కడ అసలు ప్రశ్న.

రాజనీతి శాస్త్రవేత్త గోపాల్ గురు 2002లో ‘ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీ’లో ప్రచురించిన వ్యాసంలో సరిగ్గా ఈ విభజననే ఎత్తిచూపారు. భారతదేశంలో సిద్ధాంతం చేసే పని కొద్దిమంది అగ్రకుల పండితుల చేతుల్లో ఉండిపోయి, దళిత, బహుజన పరిశోధకులకు వివరాలు సేకరించే పని మాత్రమే మిగిలిందని ఆయన వాదించారు. దీని ఫలితం తెలుగు విశ్వవిద్యాలయాల్లో పీహెచ్‌డీ అంశాల ఎంపికలోనే కనిపిస్తుంది. దళిత విద్యార్థికి దళిత సాహిత్యమో, సంక్షేమ పథకాల అమలో ‘సహజమైన’ అంశమని సలహా వస్తుంది. ఆ విద్యార్థి అదే అంశం తీసుకుని బలమైన నిర్ణయానికి వస్తే, సొంత అనుభవం కలిసినందువల్ల నిష్పాక్షికత లోపించిందన్న వ్యాఖ్య వస్తుంది. అగ్రకులాల జీవితం గురించి అగ్రకుల పరిశోధకుడు రాసినప్పుడు ఇదే అభ్యంతరం ఎవరికీ తోచదు. అనుభవం ఉంటే పక్షపాతమనీ, లేకపోతే అవగాహన లేదనీ రెండు వైపులా కొట్టే ఈ పద్ధతికి తలొగ్గి, మంచి ఆలోచనలు ఉన్న స్కాలర్లు ఎంతోమంది తమ సిద్ధాంత గ్రంథాల్లో చివరి అధ్యాయాన్ని చప్పగా ముగించుకున్నారు.

తెలుగునాట ఈ విభజనను బహిరంగంగా ధిక్కరించినవారికి ఏమి జరిగిందో కూడా మిగతావారు చూశారు. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో రాజనీతి శాస్త్రం బోధించిన కంచ ఐలయ్య, గొర్రెల కాపరుల కుటుంబ అనుభవాన్నే సిద్ధాంతానికి పునాదిగా చేసుకుని 1996లో ‘నేను హిందువు నెట్లయిత?’ పుస్తకాన్ని ఇంగ్లీషులో ప్రచురించారు. 2000 సంవత్సరంలో, కులాల మధ్య విద్వేషం పెంచే రాతలు మానుకోవాలన్న అర్థంలో విశ్వవిద్యాలయం రిజిస్ట్రారు నుంచే ఆయనకు లేఖ వెళ్లింది. ఐలయ్య వాదనలతో విభేదించడానికి చాలినంత చోటు ఉంది, విభేదించినవారూ ఉన్నారు. కానీ ఒక పుస్తకానికి మరొక పుస్తకం జవాబు కావలసిన చోట పాలనా కార్యాలయం నుంచి లేఖ జవాబుగా రావడం ఆ ఒక్కరికే పరిమితమైన హెచ్చరిక కాదు. స్థిరమైన ఉద్యోగం, దేశవ్యాప్త గుర్తింపు ఉన్న ప్రొఫెసరుకే అటువంటి లేఖ వస్తే, కాంట్రాక్టు మీద పనిచేసే అధ్యాపకుడూ, ఫెలోషిప్ మీద బతికే విద్యార్థీ దాన్ని తమకు వచ్చినట్టే చదువుకుంటారు.

పరిశోధక విద్యార్థి మీద అధికారం ఎన్ని చోట్ల ఉంటుందో బయటివారికి సాధారణంగా తెలియదు. గైడు దొరకడం మొదటి మెట్టు. సినాప్సిస్ ఆమోదం, ఆరు నెలలకొకసారి ప్రగతి నివేదిక, ఫెలోషిప్ విడుదలకు సంతకం, సమర్పణకు ముందు సెమినార్, పరీక్షకుల జాబితా, చివర వైవా, ఆ తరువాత ఉద్యోగానికి సిఫారసు లేఖ, ఇవన్నీ ఒకే మనిషి దయ మీద, లేదా ఆ మనిషికి సన్నిహితులైన నలుగురి దయ మీద ఆధారపడి ఉంటాయి. ఫెలోషిప్ డబ్బులో కొంత ఇంటికి పంపితే తప్ప తల్లిదండ్రులకు గడవని కుటుంబం నుంచి వచ్చిన విద్యార్థికి ఒక సంతకం ఆలస్యం కావడమంటే నెల తిండికి ఇబ్బంది కావడం. అటువంటి విద్యార్థి గైడు సిద్ధాంతాన్ని సెమినార్‌లో ప్రశ్నించే ముందు ఒకటికి పదిసార్లు ఆలోచిస్తే దాన్ని పిరికితనం అనడం అన్యాయం. ఆస్తి, బంధువర్గం, ఇంగ్లీషు, ఇంకొక విశ్వవిద్యాలయంలో తెలిసిన ప్రొఫెసరు, ఇవన్నీ వెనుక ఉన్న విద్యార్థికి అదే ప్రశ్న అడగడానికి పెద్ద ధైర్యం అవసరం లేదు. అతని చొరవను ప్రతిభగా, పేద విద్యార్థి మౌనాన్ని మాంద్యంగా నమోదు చేసుకోవడం విశ్వవిద్యాలయం చేసే పెద్ద పొరపాటు.

మౌనం గైడు దగ్గరే మొదలవుతుందనుకోవడం కూడా సరికాదు. హాస్టల్ గదిలో మొదటి రోజు ‘నీ ర్యాంకెంత?’ అని వచ్చే ప్రశ్న కులాన్ని నేరుగా అడగకుండానే అడుగుతుంది. పుట్టుక బయటపడినంత మాత్రాన మనిషి పనితీరే మారుతుందని కార్లా హాఫ్, ప్రియాంకా పాండే ఉత్తరప్రదేశ్ గ్రామీణ ప్రాంతంలో పాఠశాల బాలురతో చేసిన ప్రయోగం చూపింది. 321 మంది అగ్రకుల బాలురకు, 321 మంది దళిత బాలురకు కాగితం మీద గీసిన చిక్కుదారులను ఛేదించే పని ఇచ్చారు. ఎవరి కులమూ ప్రకటించనప్పుడు రెండు వర్గాల మధ్య చెప్పుకోదగ్గ తేడా కనిపించలేదు. అందరి ఎదుట కులం ప్రకటించినప్పుడు దళిత బాలుర ఫలితాలు పడిపోయాయి. పిల్లల తెలివి కొన్ని నిమిషాల్లో తగ్గిపోదు. తమ శ్రమకు న్యాయమైన గుర్తింపు దక్కదన్న అంచనా మాత్రం ఆ కొన్ని నిమిషాల్లో ఏర్పడగలదు.

ముఖాముఖి వాదనకు మార్కులు వేసే చోటు వైవా. ఢిల్లీలోని జవహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయంలో అబ్దుల్ నఫే నాయకత్వాన ఏర్పడిన కమిటీ, రిజర్వుడు వర్గాల అభ్యర్థులకు రాతపరీక్షకూ వైవాకూ మధ్య మార్కుల తేడాలు వివక్షను సూచిస్తున్నాయని గుర్తించి, వైవా మార్కులను 30 నుంచి 15కు తగ్గించాలని 2016లో సిఫారసు చేసింది. అదే సంవత్సరం యూజీసీ తెచ్చిన నిబంధనలు దీనికి పూర్తిగా విరుద్ధంగా, రాతపరీక్షను అర్హతకే పరిమితం చేసి ఎంపిక మొత్తాన్ని వైవా మీద నిలబెట్టాయి. విమర్శల తరువాత 2018లో దాన్ని 70, 30 నిష్పత్తికి సవరించారు. పేరు కనిపించని జవాబు పత్రంలో గట్టిగా వాదించగలిగిన విద్యార్థి, పేరూ ఊరూ కనిపించే గదిలో తక్కువ మార్కులు తెచ్చుకుంటున్నాడంటే, లోపం వెతకవలసింది బల్లకు అవతలి వైపు.

హైదరాబాద్ విశ్వవిద్యాలయ చరిత్ర ఈ విషయంలో తెలుగు సమాజానికి అన్నింటికంటే బాధాకరమైన పాఠం. ఆరు సూత్రాల పథకం ఫలితంగా 1974లో ఏర్పడిన ఈ కేంద్రీయ విశ్వవిద్యాలయానికి కోస్తా, తెలంగాణ, సీమ ప్రాంతాల నుంచి తొలితరం విద్యార్థులు ఎందరో వచ్చారు. 2002లో పదిమంది దళిత విద్యార్థులను బహిష్కరించారు. 2008లో భౌతికశాస్త్ర పరిశోధక విద్యార్థి సెంథిల్ కుమార్ మరణించినప్పుడు, గైడు కేటాయింపులో జరిగిన జాప్యం చర్చకు వచ్చింది. అంబేడ్కర్ స్టూడెంట్స్ అసోసియేషన్‌కు చెందిన అయిదుగురు దళిత విద్యార్థులను హాస్టళ్ల నుంచి వెలివేయగా, వాళ్లు ప్రాంగణంలో ‘వెలివాడ’ పేరిట గుడారం వేసుకుని నిరసన సాగించారు. వాళ్లలో ఒకరైన రోహిత్ వేముల 2016 జనవరి 17న ఆత్మహత్య చేసుకున్నారు. మౌనం వహించని విద్యార్థులు వీళ్లు. బాహాటంగా వాదించినందుకు వెలి శిక్ష అయినప్పుడు, మిగతావారు మౌనాన్ని ఎంచుకోవడంలో వింత ఏముంది?

రోహిత్ మరణం తరువాత సాగిన చర్చ తీరు, వాదనలో అధికారం ఎలా పనిచేస్తుందో ఇంకా స్పష్టంగా చూపుతుంది. కేంద్రం నియమించిన రూపన్‌వాల్ కమిషన్ రోహిత్ షెడ్యూల్డ్ కులానికి చెందిన వ్యక్తి కాదని తేల్చింది. 2024 మేలో తెలంగాణ పోలీసుల ముగింపు నివేదిక కూడా అదే చెప్పి, నిరసనల తరువాత మళ్లీ దర్యాప్తు చేస్తామని పోలీసు శాఖ ప్రకటించవలసి వచ్చింది. విశ్వవిద్యాలయం ఆ విద్యార్థులతో ఎలా వ్యవహరించిందన్న ప్రశ్న, దళిత తల్లి ఒంటరిగా పెంచిన కొడుకు దళితుడా కాదా అన్న ప్రశ్నగా మారిపోయింది. అమెరికన్ న్యాయశాస్త్రవేత్త డెరిక్ బెల్, హార్వర్డ్ న్యాయ కళాశాలలో నల్లజాతి మహిళకు ఒక్కరికి కూడా శాశ్వత ప్రొఫెసరు పదవి లేనందుకు నిరసనగా 1990లో జీతం లేని సెలవు మీద వెళ్లిపోయిన మనిషి, ఈ తీరును 1992లోనే వర్ణించారు. జాతివివక్ష గురించి నల్లవాళ్లు చెప్పే సాక్ష్యాన్ని స్వప్రయోజనం కింద కొట్టివేస్తారనీ, సాటి నల్లవాళ్లను తప్పుపట్టే నల్లవాళ్ల మాటకు మాత్రం అసాధారణమైన విలువ ఇస్తారనీ ఆయన గమనించారు. తెలుగునాట రిజర్వేషన్లను విమర్శించే ఒక దళిత ఉద్యోగి మాట ఎన్నిసార్లు ఉదాహరణగా తిరుగుతుందో చూసినవారికి ఈ పరిశీలన కొత్తగా అనిపించదు.

దీనికి ఎదురుగా వినిపించే వాదనలు రెండు ఉన్నాయి. కర్నూలు దగ్గర పెదపాడులో పుట్టిన దామోదరం సంజీవయ్య 1960లో దేశంలోనే తొలి దళిత ముఖ్యమంత్రి కాలేదా, దళిత రచయిత కొలకలూరి ఇనాక్ శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయానికి ఉపకులపతి కాలేదా అన్నది మొదటిది. అసాధారణమైన మనుషులు అడ్డంకులను దాటిన సంగతి అడ్డంకులు లేవనడానికి రుజువు కాదు. సాధారణమైన తెలివి ఉన్న అగ్రకుల విద్యార్థి సాధారణంగా గడిపే విద్యాజీవితం, అదే తెలివి ఉన్న దళిత విద్యార్థికి కూడా సాధారణంగా దక్కినప్పుడే సమానత్వం వచ్చినట్టు. రెండో వాదన ఇంకొంచెం ఆలోచించదగినది. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద కేసు పడుతుందన్న భయంతో తామే నోరు మూసుకుంటున్నామనీ, బలహీనమైన థీసిస్‌ను బలహీనమని చెప్పలేకపోతున్నామనీ కొందరు అధ్యాపకులు అంటారు. ఈ భయం ఉన్నచోట నష్టపోయేది ఆ విద్యార్థే, ఎందుకంటే నిజాయితీగల విమర్శ అందని పరిశోధన ఎదగదు. కానీ రాతపూర్వకంగా, కారణాలతో, విద్యార్థులందరికీ ఒకే కొలమానంతో ఇచ్చిన విమర్శ నేరం కాదు. గైడు మౌనానికి జీతం ఆగదు, డిగ్రీ ఆగదు, హాస్టల్ గది పోదు. ఈ రెండు మౌనాలను ఒకే తక్కెడలో వేయడం కుదరదు.

ఆత్మకూరు నుంచి బయలుదేరే విద్యార్థికి కులంతోపాటు ప్రాంతం కూడా తోడవుతుంది. 1937 నాటి శ్రీబాగ్ ఒడంబడికలో విశ్వవిద్యాలయ కేంద్రం అనంతపురంలో కూడా ఉండాలని సీమ నాయకులు పట్టుబట్టవలసి వచ్చింది. సీమకు తొలి విశ్వవిద్యాలయం 1954లో తిరుపతిలో వచ్చింది. కర్నూలుకు సొంత విశ్వవిద్యాలయం రావడానికి 2008 దాకా పట్టింది. సీమ యాసలో ప్రశ్న అడిగితే ముందు నవ్వు, తరువాత జవాబు వచ్చే తరగతి గదులు తీరప్రాంతంలోనూ, హైదరాబాద్‌లోనూ ఉండేవి, ఇప్పటికీ ఉన్నాయి. అయితే సీమ వెనుకబాటు గురించి గొంతెత్తే సీమ అగ్రకుల మేధావులు, తమ ఊరి మాదిగ విద్యార్థి అదే నవ్వును తమ నుంచే ఎదుర్కొంటున్నాడన్న సంగతిని కూడా ఒప్పుకోవాలి.

సముద్రాలు దాటినవారి విషయంలోనూ ఇది ఇలాగే ఉంది. అమెరికన్ విశ్వవిద్యాలయాల్లో తమ ఉచ్చారణ మీద, రంగు మీద వచ్చే చులకనను తెలుగువాళ్లు సరిగానే జాతివివక్ష అంటారు. కాలిఫోర్నియా స్టేట్ యూనివర్సిటీ 2022 జనవరిలో వివక్ష నిషేధ విధానంలో కులాన్ని చేర్చినప్పుడు దాన్ని వ్యతిరేకించిన భారత సంతతి అధ్యాపకులు కూడా ఉన్నారు. కులవివక్ష నిషేధ బిల్లును 2023 అక్టోబరులో ఆ రాష్ట్ర గవర్నరు తిప్పి పంపారు. ఒక గదిలో నోరు నొక్కబడిన మనిషి పక్క గదిలో ఇంకొకరి నోరు నొక్కగలడని దీనివల్ల తెలుస్తుంది. ఒక అన్యాయానికి బాధితుడు కావడం రెండో అన్యాయం విషయంలో మినహాయింపు ఇవ్వదు.

చట్టబద్ధమైన ఏర్పాట్లు కాగితం మీద లేకపోలేదు. ఎయిమ్స్‌లో వివక్షపై సుఖదేవ్ థోరట్ కమిటీ 2007లో నివేదిక ఇచ్చింది. సమాన అవకాశాల విభాగాన్ని, వివక్ష నిరోధక అధికారిని ప్రతి సంస్థలో ఏర్పాటు చేయాలని 2012లో యూజీసీ నిబంధనలు చెప్పాయి. అవి అమలు కావడం లేదంటూ రోహిత్ తల్లి రాధిక, ముంబయి వైద్య విద్యార్థిని పాయల్ తడ్వి తల్లి ఆబేదా 2019లో సుప్రీంకోర్టును ఆశ్రయించారు. పిల్లలను పోగొట్టుకున్న తల్లులు గుర్తు చేస్తే తప్ప కదలని నిబంధనలు తరగతి గదిలో మౌనాన్ని తొలగించలేవు. ఫిర్యాదు మీద ఆధారపడిన ఏ ఏర్పాటూ తనను తాను అణచుకున్న గొంతును చేరుకోలేదు గనుక, ఫిర్యాదు లేకుండానే పనిచేసే మార్పులు కావాలి. గైడును మార్చుకునే హక్కు శాఖ బయటి కమిటీ చేతిలో ఉండాలి. ఫెలోషిప్ చెల్లింపు ఒక్క మనిషి సంతకం మీద ఆగిపోకూడదు. రిజర్వుడు ప్రొఫెసరు పోస్టులు భర్తీ కావాలి. రాతపరీక్ష మార్కులను, వైవా మార్కులను వర్గాల వారీగా ప్రతి సంవత్సరం బహిరంగపరచాలి. ఆత్మకూరు పిల్లలు ముందుగా వెళ్లే కర్నూలులోని రాయలసీమ విశ్వవిద్యాలయం ఈ చివరి పనిని రాబోయే పీహెచ్‌డీ ప్రవేశాల నుంచే మొదలుపెట్టవచ్చు. అందుకు కొత్త చట్టం గానీ, అదనపు నిధులు గానీ అవసరం లేదు.